ఒకటో తరగతి పెద్దవారి వంతు

కిందటి చలికాలంలో బేగంపేటలోని ఒక హోటల్లో మా బడి పూర్వ విద్యార్థులం కలుసుకున్నాం. భోజనాలకు ముందు, కాలం చేసిన అయ్యవార్లను తలచుకునే కార్యక్రమం పెట్టారు. మా ప్రిన్సిపాల్ గారి వంతు వచ్చేసరికి నా తరవాతి బ్యాచ్ వాడొకడు మైకు అందుకుని, ఆయన మంచితనం గురించి చాలాసేపు చెప్పి, చివర్లో గొంతు బరువు చేసుకుని, "అంతటి మనిషిని ఆఖర్న లూప్‌లైన్‌లో పడేశారు. ఒకటో తరగతి పిల్లల చేత అక్షరాలు దిద్దించే పనిలో పెట్టారు. ఈ అన్యాయం గురించి ఎవరూ మాట్లాడరు" అన్నాడు. హాలంతా చప్పట్లు కొట్టింది. నేను ఉన్న బల్ల దగ్గరా కొట్టారు.

ఆ మాట నాది. ఇరవై ఏళ్లకు పైగా చేతులు మారి, మంచి బట్టలు కట్టుకుని, సానుభూతిగా నా ముందుకే వచ్చి నిలబడింది. అప్పుడే లేచి చెప్పాల్సింది. లేవలేదు. ఇప్పుడు రాస్తున్నాను. ఆయనకు ఏ అన్యాయమూ జరగలేదు. ఆయన్ని ఎవరూ ఎక్కడా పడేయలేదు. అసలు జరిగింది ఇది.

ముందు ఆ మాట మా ఇంట్లోకి ఎలా వచ్చిందో చెప్పాలి. మాది గుంటూరు వైపు. నాన్నగారు లక్డీకాపూల్‌లో ఒక ప్రభుత్వ కార్యాలయంలో సూపరింటెండెంటుగా చేసేవారు. రాత్రి కంచాల ముందు మా ఇంట్లో నడిచే కబుర్లన్నీ బదిలీలే. ఫలానా ఆయనకు మంచి సీటు పడింది, ఫలానా ఆయన్ని లూప్‌లైన్‌లో వేశారు. ఎక్స్‌ప్రెస్ వెళ్లడానికి గూడ్సు బండిని పక్క పట్టాల మీదికి తప్పిస్తారు కదా, అదే లూప్‌లైన్. ఆఫీసుల్లో మాత్రం పనిలేని కుర్చీకి ఆ పేరు. ఒకరిని అక్కడ వేశారంటే ఏదో తప్పు చేసి ఉండాలి, లేదా ఎవరికో నచ్చకపోయి ఉండాలి. మూడో కారణం ఉంటుందని మా ఇంట్లో ఎవరమూ అనుకోలేదు. మనిషి పైకి వెళ్తాడు, లేదా తోసేస్తే కిందికి వస్తాడు. తనంతట తాను కిందికి దిగేవాడి కోసం మా భాషలో మాట లేదు.

మా బడి పంజాగుట్ట దగ్గర. నడిపేవారు కతోలిక సభకు చెందిన బ్రదర్లు. పెళ్లి చేసుకోరు, ఆస్తి ఉంచుకోరు, తెల్లటి పొడవాటి అంగీ వేసుకుంటారు. కానీ గుడిలో పూజ చేయించే ఫాదర్లు కారు. వారి పని ఒక్కటే, బడి. ఈ తేడా మా తల్లిదండ్రులకు ఎప్పుడూ తలకెక్కలేదు. మా అమ్మ ప్రిన్సిపాల్ గారిని చివరిదాకా "ఫాదర్ గారూ" అనే పిలిచింది. ఆయన ప్రతిసారీ దిద్దేవారు. "ఫాదర్ కాదమ్మా, బ్రదర్. ఇంట్ల అన్న ఉంటడు గద, గంతే." మేం పిల్లలం మాత్రం ఫాదర్ పరీక్ష తప్పినవాళ్లను బ్రదర్లుగా ఉంచుతారని గట్టిగా నమ్మేవాళ్లం. పాసైతే మా ప్రిన్సిపాల్ గారు పెద్ద చర్చికి వెళ్లిపోతారేమోనని ఏడో తరగతిలో మేం నలుగురం దిగులు కూడా పడ్డాం.

ఆయనది మంగళూరు వైపు. పడుచు వయసులో హైదరాబాదు వచ్చారు. తెలుగు బడిలో నేర్చుకోలేదు. బస్సు కండక్టర్ల దగ్గర, మా బడి గేటు దగ్గర జామకాయలు అమ్మే ఆమె దగ్గర, పిల్లల దగ్గర నేర్చుకున్నారు. అందుకే ఆయన నోట్లో జర, మస్తు, ఫికర్ దొర్లేవి. కోస్తా ఇళ్ల నుంచి వచ్చిన మాకు అది విని నవ్వొచ్చేది. పదో తరగతిలో మాకు సాంఘిక శాస్త్రం ఆయనే చెప్పారు. ఒక చేత్తో సుద్దముక్క పట్టుకుని యూరప్ పటం ఒక్క గీతలో గీసేవారు. ఫ్రాన్సులో రొట్టె దొరక్క జనం ఎట్లా తిరగబడ్డారో చెప్తుంటే వెనక బెంచీ కూడా నోరు తెరుచుకుని వినేది. ఎవరినీ కొట్టినట్టు గుర్తు లేదు. తప్పు చేసినవాణ్ని పక్కన నిలబెట్టుకుని, "ఇట్ల నేను సుత చేసిన ఒకపారి" అని మొదలుపెట్టేవారు. ఆ కథ వినడానికి తప్పు చేసేవాళ్లు కూడా ఉండేవారు.

తరవాత నా చదువైంది, పెళ్లైంది, పాప పుట్టింది. ఆ రోజుల్లోనే అమీర్‌పేట మారిపోయింది. మెట్ల కిందా, మిద్దెల మీదా, ఎక్కడ నాలుగు గోడలుంటే అక్కడ కంప్యూటర్ కోర్సులు. ఊళ్ల నుంచి వచ్చిన పిల్లలు హాస్టల్ గదుల్లో ఇరుక్కుని ఉంటూ, చేతిలో జిరాక్స్ కట్టలతో సందుల్లో నడిచేవారు. నేను అలాంటి ఒక ఇన్‌స్టిట్యూట్‌లో జావా చెప్పేవాణ్ని. అక్కడ ఒక పద్ధతి ఉండేది. కొత్త బ్యాచ్‌కి మొదటి రెండు రోజులు డెమో. ఫీజు లేదు. ఆ డెమో మాత్రం పేరున్న ఫ్యాకల్టీయే చెప్పాలి. విన్నవాళ్లు మురిసిపోయి ఫీజు కట్టాక, బొత్తిగా ఏమీ రానివాళ్లను నిన్నగాక మొన్న కోర్సు ముగించిన కుర్రాళ్లకు అప్పజెప్పేవారు. పేరున్న ఫ్యాకల్టీ పై కోర్సులకు వెళ్లిపోయేది. నేను డెమో మనిషిని. నా పేరు గోడల మీద ఉండేది. మొదలు నేర్పడం చిన్నవాళ్ల పని అని నాకు ఎవరూ చెప్పలేదు. చెప్పాల్సిన అవసరమే రాలేదు.

బ్యాచ్‌లు పెరిగి గదులు చాలక, మా ఓనర్ నన్ను పాత బడికి పంపాడు. సాయంత్రాలు ఖాళీగా ఉండే తరగతి గదులు అద్దెకు ఇస్తారేమో అడగమన్నాడు. కొత్త ప్రిన్సిపాల్ నాకంటే చిన్నవాడు, అతనూ బ్రదరే. టీ ఇచ్చి, నవ్వుతూ కుదరదన్నాడు. సాయంత్రం ఆ గదులు వేరే పిల్లలవట. బోరబండ నుంచి వచ్చి ఇక్కడ అపార్టుమెంట్లలో, ఆఫీసుల్లో పనిచేసే ఆడవాళ్ల పిల్లలు. తల్లుల పని అయ్యేదాకా మెట్ల మీదా, లిఫ్టుల దగ్గరా కూర్చునేవాళ్లను పిలుచుకొచ్చి చదువు చెప్తున్నారు. ఫీజు లేదు, యూనిఫారం లేదు.

బయటికి వస్తూ చివరి గదిలోకి చూశాను. నేలమీద చాపలు, చాపల మీద పిల్లలు. వాళ్ల ఎదురుగా పొట్టి స్టూలు మీద, మోకాళ్లు గడ్డం దాకా వచ్చేలా కూర్చుని, మా పాత ప్రిన్సిపాల్ గారు. జుట్టంతా నెరిసిపోయింది. ఒక పిల్ల చెయ్యి పట్టుకుని పలక మీద ఒక్క అక్షరాన్నే దిద్దిస్తున్నారు.

నేను లోపలికి వెళ్లలేదు. పలకరిస్తే ఆయన సిగ్గుపడతారని, చూడనట్టు తప్పుకుని వచ్చేశాను. అది మర్యాద అనుకున్నాను.

ఆ సాయంత్రమే చౌరస్తా దగ్గర టీ కొట్టులో మా బ్యాచ్ వాళ్లు కలిస్తే చెప్పాను. "మన ప్రిన్సిపాల్ గారిని లూప్‌లైన్‌లో వేసేశార్రా. అఆలు చెప్పిస్తున్నారు." ఎందుకంటావ్ అని ఒకడు అడిగాడు. "ఏదో జరిగే ఉంటుంది లే, ఊరికే వేస్తారా" అన్నాను. ఏం జరిగిందో నాకు తెలియదు. అయినా ఆ వాక్యం చాలా తేలిగ్గా వచ్చింది. నాన్నగారి కంచం ముందు కూర్చుని ఎన్నిసార్లు విన్నానో.

మా ఇన్‌స్టిట్యూట్ ఊడ్చి తుడిచే ఆయమ్మది బోరబండ. భర్త సెంట్రింగ్ పనికి మేస్త్రీల వెంట ఊళ్లు తిరిగేవాడు. ఆమెకు పదేళ్ల కూతురు. తమ్ముణ్ని ఎత్తుకుని తిరగడంలోనే ఆ పిల్ల బడి వయసు దాటిపోయింది. తమ్ముడు నడిచి, అంగన్‌వాడీకి పోవడం మొదలుపెట్టాక, బ్రదర్ల సాయంత్రం బడిలో కూర్చుంది. అదే సమయంలో ఎస్.ఆర్. నగర్‌లో ఒకింటివాళ్లు తమ చంటిపాపను ఎత్తుకోవడానికి ఆ పిల్లను పొద్దున్నుంచి రాత్రిదాకా పంపమని ఆయమ్మను అడుగుతున్నారు. ఆమె ఎటూ తేల్చుకోలేక, నేను ఆ బడిలో చదివానని ఎవరో చెప్తే, ఒకరోజు చీపురు పక్కన పెట్టి నన్ను అడిగింది. "సార్, గా బడి మంచిదేనా? మా పోరిని ఉంచాల్నా, తియ్యాల్నా?"

నేను క్లాసుకు వెళ్లే తొందరలో ఉన్నాను. "బడి మంచిదే ఆయమ్మా. పెద్ద సార్‌ని చూస్తేనే జాలేస్తుంది. లూప్‌లైన్‌లో పడేశారు పాపం" అని వెళ్లిపోయాను.

లూప్‌లైన్ అంటే ఏమిటని ఆమె ఫీజు కౌంటర్‌లో కూర్చునే అతన్ని అడిగిందట. పనికిరాడని పక్కకు పెట్టారని అతను చెప్పాడు. ఆమె ఇంకేమీ అడగలేదు. మరుసటి వారం నుంచి ఆ పిల్ల మా మెట్ల మీద కనిపించడం మొదలైంది. బకెట్‌తో నీళ్లు పట్టుకుని పై అంతస్తుకు మోసేది. నేను తప్పుకుని దారి ఇచ్చేవాణ్ని. బడి మానిందేమని కౌంటర్ అతన్ని అడిగితే, "మీరే చెప్పినరు గద సార్" అన్నాడు. ఒకటో తారీఖు నుంచి ఆ పిల్లను ఎస్.ఆర్. నగర్ ఇంట్లో పెట్టబోతున్నారనీ అన్నాడు. మనసులో కొంచెం గుచ్చుకుంది. ఆయమ్మతో మాట్లాడాలనుకున్నాను. ఆ వారం రెండు డెమోలు ఉన్నాయి. మాట్లాడలేదు.

మాట బోరబండలో ఇంటింటికీ తిరిగింది. మన పిల్లలంటే ఇంత అలుసా, పనికిరాని సార్లను మనకిస్తారా అని తల్లులు అనుకున్నారు. అందులో తప్పేముంది? మా ఇంట్లోవాళ్లమైనా అదే అనుకునేవాళ్లం. ఒక్కొక్కరే పిల్లలను మానిపించారు.

ఒక మధ్యాహ్నం మా ఇన్‌స్టిట్యూట్ మెట్ల దగ్గర గోల వినబడి బయటికి వచ్చాను. కరపత్రాలు పంచే కుర్రాళ్లు ఒక ముసలాయన చుట్టూ మూగారు. "అంకుల్, జావానా, ఒరాకిలా?" అని ఒకడు ఆయన చేతిలో కాగితం కుక్కుతున్నాడు. ఆయన ఆ కాగితాన్ని జాగ్రత్తగా మడిచి జేబులో పెట్టుకుంటూ, "రెండు వద్దు నాయనా. ఒక పిల్ల కావాలె నాకు. బడికి వస్తలేదు" అన్నారు. తెల్లటి అంగీ లేదు. మామూలు చొక్కా, ప్యాంటు. అయినా గొంతు పట్టించింది.

నన్ను చూసి పేరు పెట్టి పిలిచారు. ఎన్నేళ్లైనా మరిచిపోలేదు. డెమో గదిలో కూర్చోబెట్టాను. ఆయమ్మ అక్కడే నేల తుడుస్తోంది, గుడ్డ చేతిలోనే పట్టుకుని గోడకు ఆనుకుని నిలబడిపోయింది. ఆయన ఆమెకు నమస్కారం పెట్టి, పిల్ల ఎట్లుందని అడిగి, ఆమె మాట్లాడకపోయేసరికి నా వైపు తిరిగారు.

"నువ్వు లక్డీకాపూల్ ఆఫీసాయన కొడుకువి గద. నీకు తెలుస్తది. లూప్‌లైన్ అంటే ఏంది బాబూ? నిన్న బస్తీల తిరిగిన. ఏ ఇంటికి పోయినా తల్లులు గదే మాట. నేను రైళ్ల సంగతేమో అనుకున్న."

నేను అర్థం చెప్పాను. ఎవరో ఎక్కడో వాడే మాటలా చెప్పాను. ఆయన విని, దగ్గు వచ్చేదాకా నవ్వారు.

"నన్నెవరు వేస్తరు? దీనికోసం ఎన్నేండ్లు ఎదురుచూసిన్నో తెలుసా?"

అప్పుడు చెప్పారు, వారి సంఘం కథ. యూరప్‌లో మగ్గాల ఊరొకటి. నేతవాళ్ల పిల్లలు వీధుల్లో తిరుగుతుంటే ఒక పూజారి వాళ్లకు చదువు చెప్పించాలనుకున్నాడు. వచ్చిన పంతుళ్లంతా పెద్ద తరగతులే కావాలన్నారు. చిన్నపిల్లలను ఎవరూ తీసుకోలేదు. దాంతో ఆయనే చాప మీద కూర్చుని అక్షరాలు మొదలుపెట్టాడు, చనిపోయేదాకా అదే తరగతి చెప్పాడు. ఆయన వెంట ఉన్నవాళ్లు పూజారులు కాకూడదని నియమం పెట్టాడు. పూజారి అయితే పెళ్లికో, చావుకో పిలుపు వస్తుంది, తరగతి మధ్యలో లేవాలి. బ్రదర్‌ను ఎవరూ పిలవరు. ఫాదర్ పరీక్ష గురించి మేం ఏడో తరగతిలో పడ్డ దిగులు నాకు అప్పుడు గుర్తొచ్చి ముఖం దించుకున్నాను.

పెద్దాయన పోయాక ఆ చాప ఎవరిదన్న గొడవ వచ్చిందట. అందరూ నాకంటే నాకన్నారు. చివరికి వయసు ప్రకారం తేల్చుకున్నారు. అప్పటినుంచి ఏ ఊళ్లో వారి ఇల్లున్నా, ఆ ఇంట్లో అందరికంటే పెద్దవారిది ఒకటో తరగతి. హైదరాబాదుకు మొదట ఇద్దరు బ్రదర్లు వచ్చారు. వారికి దొరికింది ఒక బంగళా వెనక ఖాళీగా పడి ఉన్న గుర్రాల సాల. ఇద్దరిలో పెద్దాయన విదేశీయుడు. అరవై దాటాక ఉర్దూ అక్షరాలు నేర్చుకుని మరీ గుర్రపు బండ్లు తోలేవాళ్ల పిల్లలకు దిద్దించాడు. చిన్నాయన పై తరగతులు చూసుకున్నాడు. తరవాత ఫీజులు కట్టే పెద్ద బడి లేచింది, పేరొచ్చింది, మాలాంటివాళ్లం క్యూ కట్టాం. బడి పుట్టింది మాత్రం ఆ సాలలో.

మరి ప్రిన్సిపాల్ పదవో అని అడిగాను. "గది మాకు వంతుల మీద వచ్చే పని బాబూ. గిన్నెలు కడిగే వంతు ఉంటది గద, గట్లనే. ఆరేండ్లు కడిగిన, ఇంకొకరికి ఇచ్చిన. మాతోటి నాకంటే పెద్దాయన ఉంటుండె. నిరుడు పండ్లన్ని ఊడి, మాట సాగక, ఆయన చాప నాకిచ్చిండు. ఏడ్చుకుంట ఇచ్చిండు."

ఆయమ్మ చేతిలోని గుడ్డను బకెట్‌లో వేసింది. అప్పుడు అడిగింది. "మరి నీదేం తప్పు లేదా సార్?"

"తప్పులా? మస్తు చేసిన బిడ్డా. గందుకే ఇచ్చిండ్రు." ఆయన నవ్వడం ఆపి ఆమె వైపు పూర్తిగా తిరిగారు. "సూడు. కొత్త సారు తప్పు చెప్తే పదో తరగతి పోరడు నవ్వుతడు. ఇంటికి పోయి పుస్తకంల సూసి దిద్దుకుంటడు. నీ బిడ్డ దిద్దుకోలేదు. ఆమెకు గదే చదువు అనిపిస్తది, బతికినన్ని రోజులు ఉంటది. తప్పులన్ని పెద్దపిల్లల కాడ చేసి అయిపోయినోడే చిన్నపిల్లల కాడికి రావాలె. మా పద్ధతి గది."

గోడ మీద నా పేరున్న పోస్టర్ ఉంది. దాని కిందే ఆయన కూర్చున్నారు. మా పద్ధతి ఏమిటో ఆ గదిలో నాకు ఒక్కడికే తెలుసు.

ఆయమ్మ నన్ను చూపించింది. "గీ సారే చెప్పిండు నాకు. నిన్ను పడేసిండ్రని."

తప్పించుకోవడానికి దారి లేదు. వెతకలేదు కూడా. "నేనే అన్నాను బ్రదర్. ముందు స్నేహితులతో, తరవాత ఈవిడతో. మిమ్మల్ని ఆ గదిలో చూసి, అడక్కుండానే అనేసుకున్నాను."

ఆయన నా వైపు తిరిగారు. కోపం కనబడలేదు, కానీ నవ్వూ లేదు. "పదో తరగతిల నీకు ఫ్రాన్సు చరిత్ర చెప్పిన, జర్మనీ చరిత్ర చెప్పిన. మా ఇంటి చరిత్ర ఒక్కటి చెప్పలే. గది నా తప్పు" అన్నారు. నా మీద పడాల్సినదాన్ని సగం తన మీదికి తీసుకునే ఆ అలవాటు మారలేదు.

ఆయమ్మకు మాత్రం ఇదంతా చాల్లేదు. "మీరు మీరు ఒకటైతరు సార్, చదువుకున్నోళ్లు. ఇయ్యాల ఒకటంటరు, మొన్న ఒకటన్నరు. నాకెట్ల తెలవాలె?" నేలమీది బకెట్ పక్కకు జరిపింది. "నీకు పాప ఉన్నది గద. ఆమెకు అఆలు వచ్చినయా?"

రాలేదు. ఐదేళ్లు నిండాయి, ఇంగ్లీషు రైమ్స్ పది చదువుతుంది. తెలుగు అక్షరం ఒక్కటీ తెలియదు. అది మాకు లోటుగా కూడా తోచలేదు.

"మరి గా బళ్లె, గా చాప మీద, నీ పాపను కూసోబెడతవా? పెడితే నా బిడ్డను తోలిస్త. లేకుంటె ఒకటో తారీఖుకు ఎస్.ఆర్. నగర్ పోతది."

ఆమె గొంతులో ఎత్తిపొడుపు లేదు. బేరం కాదు. ఆమెకు తెలిసిన ఒకే ఒక్క కొలబద్ద అది, సరైనది కూడా. ప్రిన్సిపాల్ గారు కిటికీలోంచి బయటికి చూస్తున్నారు. నాకు సాయం చేయదలచుకోలేదు.

కూర్చోబెడతానన్నాను.

ఇంటికి వెళ్లి చెప్తే మా ఆవిడ, "ఏంటండీ, కింద కూర్చోబెట్టేస్తారా?" అంది. జరిగిందంతా చెప్పాను. లూప్‌లైన్ మాటతో సహా. ఆమె పాపకు జడలు వేయడం ముగించి, "ముందు మీరు కూర్చోండి ఆ చాప మీద" అంది. ఆమె తండ్రి పల్లెటూరి బడిపంతులు. ఆ సోమవారం తనే పాపను తీసుకుని నాతో వచ్చింది. గేటు దగ్గర ఆయమ్మ తన కూతురితో నిలబడి ఉంది. వస్తామో రామోనని చూస్తోంది. ఇద్దరు పిల్లలూ ఒకరి తరవాత ఒకరు లోపలికి వెళ్లాక, చేసేదేమీ లేక, పెద్దవాళ్లం ముగ్గురం నవ్వుకున్నాం. ఎస్.ఆర్. నగర్ ఇంటివాళ్లకు ఆ సాయంత్రమే వద్దని చెప్పేసిందట.

మిగిలిన పిల్లల కోసం ప్రిన్సిపాల్ గారు బోరబండకు వెళ్తుంటే నేనూ వెంట వెళ్లాను. ఆయన ఏ ఇంట్లోనూ నన్ను ముందుకు తొయ్యలేదు. నేనే చెప్పుకున్నాను, ఆ మాట నాదేనని, తెలియక అన్నానని. కొందరు తిట్టారు. ఒకామె టీ పెట్టి ఇచ్చి మరీ తిట్టింది. ఆయమ్మ ముందే చుట్టుపక్కల చెప్పి ఉంచింది, ఆ సార్ తన పాపను కూడా పంపుతున్నాడని. నేను చెప్పిన దానికంటే అదే ఎక్కువ పనిచేసింది. దాదాపు అందరూ వచ్చారు. ఒక్క అబ్బాయి రాలేదు. ఆ మధ్యలోనే వాళ్ల మామ ఎర్రగడ్డలో మెకానిక్ షెడ్డులో చేర్పించేశాడు. మేం నాలుగైదుసార్లు వెళ్లాం. "ఇప్పుడు పనిల పడ్డడు సార్, ఇగ ఇడిసిపెట్టుండ్రి" అంది తల్లి. ఆ తరవాత కూడా ప్రిన్సిపాల్ గారు ఒక్కరే వెళ్లి, షెడ్డు బయట నిలబడి వచ్చేవారని విన్నాను. ఆ అబ్బాయికి ఇప్పుడు నలభై దగ్గర పడుతుంది. చదవడం వచ్చో రాదో తెలియదు. హోటల్ హాల్లో చప్పట్లు మోగినప్పుడు నాకు గుర్తొచ్చింది అతనే.

మా ఓనర్‌కు చెప్పి, మొదటినుంచి మొదలయ్యే బ్యాచ్‌లు నేను తీసుకున్నాను. డెమోలు మానేశాను. పిచ్చి పట్టిందా అన్నాడు. మెల్లగా గోడల మీంచి నా పేరు పోయింది. మా బ్యాచ్ వాళ్లు నా గురించీ ఏదో అనుకునే ఉంటారు. అది నా చెవిన పడలేదు.

ప్రిన్సిపాల్ గారు ఆ చాప మీద ఇంకా చాలా ఏళ్లు కూర్చున్నారు. చూపు తగ్గాక, వయసులో తన తరవాతివారైన బ్రదర్‌కు ఇచ్చి, వారి వృద్ధుల ఇంటికి వెళ్లి అక్కడే కన్నుమూశారు. ఆయన ప్రిన్సిపాల్‌గా చేసిన పనులు మా సావనీర్లలో ఉన్నాయి. ఈ తరగతి సంగతి ఎక్కడా లేదు. అందుకే ఆయన చెప్పే తీరు కొంచెమైనా ఇక్కడ రాసి ఉంచాలి.

ఆయన అ నుంచి మొదలుపెట్టేవారు కాదు. తను నేర్చుకున్న దారినే పిల్లలనూ తీసుకెళ్లేవారు. అంటే బస్సు బోర్డు. మొదటి పాఠం "బోరబండ". పిల్లలను ఇంటికి చేర్చే మాట అదే కాబట్టి. బ దిద్దించి, దానికి ఓత్వం ఇచ్చి, ర పక్కన పెట్టి, మళ్లీ బ రాసి సున్న చుట్టి, డ దగ్గర ఆగేవారు. పూర్తికాగానే పిల్లలను వరసగా పంజాగుట్ట బస్టాపుకు తీసుకెళ్లి నిలబెట్టేవారు. దూరంగా వస్తున్న బస్సు బోర్డు ఎవరు ముందు చదువుతారో చూడాలి. బోరబండ బస్సు వస్తే అందరూ అరిచేవారు, ఎక్కేవాళ్లు ఉలిక్కిపడేవారు. అది వచ్చాక "బేగంపేట". అందులోనూ బ ఉంది, సున్న ఉంది, కొత్తది కొంచెమే. కొత్తది కొంచెమే ఉండాలె, పాతది చెయ్యి పట్టుకోవాలె అనేవారు.

ఆయమ్మ కూతురు తిరిగి వచ్చిన ఆ సోమవారం నేను గది వెనక గోడకు ఆనుకుని కూర్చున్నాను. అప్పటికి మానకుండా వస్తున్న పిల్లలు బేగంపేట దాటి లక్డీకాపూల్ దగ్గర ఉన్నారు. లక్డీ కింద క వత్తో, డ వత్తో తేలక కొట్టుకుంటున్నారు. ఆయమ్మ కూతురికి మానిన రోజుల్లో వచ్చినవి కూడా పోయాయి. పలక ఒళ్లో బోర్లించి పెట్టుకుని తల వంచుకుంది. మా పాపకు ఏమీ తెలియదు కాబట్టి ఆ సిగ్గు కూడా లేదు.

ప్రిన్సిపాల్ గారు స్టూలు మీంచి లేచి బోర్డు మొత్తం తుడిచేశారు. లక్డీకాపూల్ పోయింది. దాని పైన వారాల తరబడి ఉంచిన బస్సుల పేర్లన్నీ పోయాయి. ఖాళీ బోర్డు మీద పెద్దగా ఒక్క బ రాశారు.

ముందు వరసలో ఒకడు మూలిగాడు. "మల్ల మొదటికెల్లా సార్?"

"మల్ల మొదటికెల్లే" అన్నారాయన. "ఇద్దరు కొత్తగ వచ్చిండ్రు. వాళ్లను ఇడిసిపెట్టి మనమెట్ల పోతం?"

 పలకలు తుడుచుకునే చప్పుడు గదంతా వినబడింది. ఆయమ్మ కూతురు తన పలకను నెమ్మదిగా వెల్లకిలా తిప్పి, మా పాప ఎలా పట్టుకోవాలో తెలియక తిప్పుతున్న బలపాన్ని తీసుకుని ఆమె వేళ్ల మధ్య సరిగా పెట్టింది.